కట్టేసిన రేడియో

పొద్దున్నే వంటింట్లో రేడియో మోగుతోంది. ఎవరూ వినరు. అయినా ఆ ఇంట్లో అది ఆగదు. స్టేషన్ తప్పిపోయి గరగరమంటున్నా ఆవిడ కట్టెయ్యదు.

“ఆ గోల కాసేపు కట్టెయ్యవే. అమ్మాయి చదవబోతోంది,” అన్నాడాయన.

“సముద్రం హోరు పడుతుంది గానీ పెళ్లాం రేడియో పడదు!” అంటూ కట్టేసి ఆవిడ ఉల్లిపాయలు ముందేసుకుంది.

ఆయన ఒకప్పుడు తెరచాప పడవలో ఒంటరిగా సముద్రాలు దాటినవాడు. మోకాళ్లు అరిగాక పడవ అమ్మేసి, ఆ ప్రయాణాలనే పుస్తకాలుగా రాస్తున్నాడు. అచ్చుకు పంపేముందు కూతురు పైకి చదవాలి, ఆయన కళ్లు మూసుకుని వినాలి. కంటికి దొరకని తప్పు చెవికి దొరుకుతుందని ఆయన నమ్మకం.

కూతురు అందుకుంది. “‘తుఫాను వెళ్లిపోయింది. నీళ్లు అద్దంలా ఉన్నాయి. ఆ నిశ్శబ్దాన్ని ఎవరితోనూ పంచుకోబుద్ధి కాలేదు. వైర్‌లెస్ కట్టేశాను. వారం పాటు ఈ లోకంలో నాకు నా అన్నవాళ్లు లేరు. అంత సుఖం మళ్లీ ఎరగను...’”

గొంతు ఆగిపోయింది. వంటింట్లో కత్తి చప్పుడూ ఆగింది.

“నాన్నా, వైర్‌లెస్ తడిసి పాడైందన్నావు కదా?”

ఆయన కళ్లు తెరిచాడు. వాక్యం కుదిరిందన్న సంబరంలో, ఇంట్లో ఏం చెప్పాడో మరిచిపోయి రాసేశాడు.

ఆవిడ గుమ్మంలోకి వచ్చింది. “పాడైందా, కట్టేశారా?”

“అదీ... అప్పటి నా మనసు...”

“మనసు సంగతి అడగలేదు.”

“కట్టేశాను.”

కూతురు కాగితాలు బల్లమీద పడేసింది. “అమ్మ ఆ వారం ఇంట్లోని వైర్‌లెస్ సెట్టు ముందునుంచి లేవలేదు. అన్నం అక్కడే, కునుకు అక్కడే. నేను దగ్గితే నా నోరు మూసేది, నీ పిలుపు వినపడదని. పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం!”

“నువ్వూరుకో,” అంది తల్లి. తర్వాత ఆయనకేసి తిరిగింది. “‘ఇక ఆశ వదులుకో వదినా’ అన్నాడు మీ తమ్ముడు. ఆ ఒక్క మాటకి ఇన్నేళ్లూ అతన్ని గడప తొక్కనివ్వలేదు. పాపం, అతని తప్పేముంది?”

ఆవిడ లోపలికి వెళ్లిపోయింది. రేడియో మాత్రం పెట్టలేదు. ఇల్లు ఉలుకూ పలుకూ లేకుండా ఉంది. కుళాయి బొట్టు కూడా వినపడుతోంది. ఇన్నాళ్లూ రేడియో పెట్టి ఆవిడ ఈ ఇంట్లోకి దేన్ని రానివ్వలేదో ఆయనకు ఇప్పుడు తెలిసింది.

కాళ్లీడ్చుకుంటూ వంటింట్లోకి వెళ్లాడు. “ఆ పేజీ తీసేస్తాను.”

“ఎందుకు? ఉన్నమాటేగా. ఒక అబద్ధం చాలు.”

“ఆ వారం... ఏం చేశావు?”

“పిలిచాను.” ఆవిడ తలెత్తలేదు. “ఏవండీ, వినపడుతోందా అని. పలకకపోయినా పిలుస్తూనే ఉన్నాను.”

ఆయన గోడకు చెయ్యి ఆనించి నిలబడ్డాడు. గడ్డం తడిసింది.

“నా ముందు ఏడిస్తే ఏం లాభం?” అంది ఆవిడ, మెల్లగానే. “మీ తమ్ముణ్ని భోజనానికి పిలవండి. కట్టేశానన్న మాట అతని ముందు చెప్పండి.”

ఆయన ఫోను అందుకున్నాడు. అవతల మోగి మోగి ఆగిపోయింది.

“ఎత్తడం లేదే.”

ఆవిడ చేతులు తుడుచుకుని, కుర్చీ లాక్కుని ఆయన పక్కన కూర్చుంది.

“ఎత్తేదాకా చెయ్యండి. నేనూ కూర్చుంటాను.”