వెనక గేటు దగ్గర ఏడుపు

మూతపడ్డ బట్టల మిల్లు వెనక గేటు పేరెత్తితే చాలు, ఆ వీధి పిల్లలు మారుమాట్లాడకుండా పడుకుంటారు. చీకటి పడ్డాక ఒంటరిగా అటు ఎవరూ పోరు. అక్కడ ఒక ఆడమనిషి ఏడుస్తుందట… "నేనే తెరిచాను… నన్ను క్షమించండి…" అంటుందట.

ఆమె ఎవరో అందరికీ తెలుసు. టీవీ సీరియల్లో చూశారు కదా! అప్పట్లో సమ్మె జరుగుతుంటే, యజమాని మనుషులకి గేటు తెరిచి తోటివాళ్ల తలలు పగలగొట్టించింది. ఆ గొడవలో తనూ పోయింది.

సీరియల్ రాకముందు నలభై ఏళ్లు అక్కడ ఏ దెయ్యమూ లేదు. ఆ సంగతి ఎవరికీ తట్టలేదు — ఒక్క బొత్తాలక్కకి తప్ప. వీధి చివర కుట్టుమిషన్ పెట్టుకుని, కాజాలూ బొత్తాలూ కుట్టే మనిషి. పోయింది ఆమె తల్లే.

తల్లి గేటు తెరవలేదు. లోపల గడియ వేసి, వీపు ఆనించి నిలబడింది. బయటినుంచి లారీతో గుద్దారు. అప్పటికి బొత్తాలక్కకి ఆరేళ్లు.

ఎంతమందికి చెప్పినా ఒకటే మాట — "మరి టీవీలో అలా చూపించారేం?" ఒకరోజు సాయంత్రం పక్కింటావిడ, కుట్టడానికిచ్చిన బట్టలు వెనక్కి తీసుకుపోయింది. "మీ ఇంటి చెయ్యి వద్దులే" అంది.

ఒళ్లు మండిపోయింది. రాత్రవగానే కత్తెర పట్టుకుని బయల్దేరింది. నిజంగా అమ్మే అయితే, మొహమ్మీదే అడిగేస్తుంది!

వీధి దీపాలు వెనకబడ్డాయి. గోడ వెంట నడిచింది. తుప్పు వాసన… ఆకు కూడా కదలడం లేదు…

"నేనే… తెరిచాను…"

గుండె ఝల్లుమంది. గొంతు సరిగ్గా నెత్తిమీదే —

"అమ్మా…?"

"నన్ను… క్షమించండి…" ఆ వెనకే సన్నగా వయొలిన్ మోగింది.

దెయ్యానికి వయొలిన్ ఎవడు వాయిస్తాడు?

భయం ఎగిరిపోయింది. గేటు స్తంభం తడిమింది. పిచ్చితీగల మధ్య అరచేతంత స్పీకరు! వైరు పట్టుకుని కసుక్కున కత్తిరించింది.

లైటు వేసుకుంటూ ముసలి వాచ్‌మన్ పరిగెత్తుకొచ్చాడు. "ఎంత పని చేశావే అమ్మాయ్! దెయ్యాన్ని చూపిస్తామని మిల్లువాళ్లు బస్సులో జనాన్ని తెస్తున్నారు. పెట్టమన్నారు, పెట్టాను…"

"దెయ్యం కాదు బాబాయ్, మా అమ్మ! చంపింది చాలక, చచ్చినదాని చేత క్షమాపణ చెప్పిస్తారా?" స్పీకరు పీకి నేలకేసి కొట్టింది. చెప్పుకాలితో తొక్కింది. పొడి అయ్యేదాకా తొక్కింది.

ముసలాయన లైటు ఆ ముక్కల మీదికి దించాడు. తర్వాత మెల్లగా — "నాకు నిజంగా తెలీదమ్మా… ఎలా ఉండేది మీ అమ్మ?"

ఇన్నేళ్లలో ఆ మాట అడిగినవాడు అతనొక్కడే. చెబుదామని కళ్లు మూసుకుంది.

కనబడింది… కాటుక కారిన పెద్ద కళ్లు… నున్నటి బుగ్గలు… టీవీలో ఏడ్చిన ఆ నటి.

తల విదిలించింది. కళ్లు ఇంకా గట్టిగా మూసుకుంది.

మళ్లీ ఆ మొహమే.