మొదటి నీళ్లు

ధర్మవరంలో మా ఇంటికి పట్టుచీరలకని వచ్చినోళ్లకు కాఫీ ఇయ్యకుండా మేము ఒక్క మడత కూడా విప్పము. ముందర చాప, తరువాత కాఫీ, ఆ తరువాతనే చీర. కాఫీ తాగినోళ్లు ఉత్త చేతుల్తో లేచిపోరని మా ఆయన నమ్మకం. ఆ కాఫీ కలిపేది నేను కాబట్టి, ఆ పద్ధతి నాకు తప్ప అందరికీ బాగుంటుంది.

మా ఆయన పేరు కేశవ. మంచోడు, మెత్తని మాట. నవ్వుతా మాట్లాడి మూడు చీరలు అంటగట్టేంత తియ్యని గొంతు. ఆ గొంతే మా యాపారం. ఒకటే జబ్బు, ఫోన్‌లో ఏదన్నా కొత్త వస్తువు చూసినాడంటే ఇంక అన్నం సయించదు. పోయిన ఎండాకాలం ఆయన్ను పట్టుకునింది ఎస్ప్రెస్సో మిషను.

"మే పద్మా, శనివారం బెంగళూరోళ్లు వస్తాండారు. వాళ్లకు నీ స్టీలు గ్లాసులో కాఫీ ఇస్తే ఏమనుకుంటారు?"

"బాగుండాదనుకుంటారు. ఇన్ని దినాలు అనుకునింది అదే కదా."

"అది కాదు మే. స్టయిలుగా ఉండాల."

అనంతపురంలో తిప్పేష్ అని మా ఆయన చిన్నప్పటి స్నేహితుడు, కరెంటు సామాన్ల షాపు. ఆయన సేల్ పెట్టినాడు, ఆదివారం సాయంత్రం దాకా. శుక్రవారం పొద్దున్నే బస్సెక్కి పోయినాము. ఉన్నది ఉన్నట్టు చెప్పాలంటే మిషను చూసినాక నా మనసు కూడా లాగింది. ముదురు పచ్చ రంగు, ఇత్తడి పిడి, వెనకాల అద్దం లాంటి నీళ్ల ట్యాంకు, దాని మీద సన్నగా ఎర్ర గీత. మా వంటింట్లో అంత అందమైన వస్తువు ఇంకోటి లేదు, నన్ను కూడా కలుపుకొని.

"సగం రేటుకే ఎట్ల ఇస్తాండావన్నా?" అని అడిగినాను. ఊరికే సగం తగ్గించేటోడు నాకు ఇంతవరకు తగల్లేదు.

"ఎక్స్‌చేంజిలో వచ్చింది వదినా. ఎవరో నెల కూడా వాడలేదు. నమ్మకం లేకుంటే మూడు దినాలు ఇంట్లో పెట్టుకోండి. నచ్చితే దుడ్లియ్యండి, నచ్చకుంటే సేల్ మూసేలోపల తెచ్చియ్యండి."

ఇంతకంటే ఏం కావాల? ఒళ్లో పెట్టుకొని తెచ్చినాము.

మధ్యాన్నం మా ఆయన మగ్గాల కాడికి పోయినాడు, చీరలు తెచ్చేదానికి. నేను అట్టపెట్టె విప్పి, మిషనుతో వచ్చిన పుస్తకం చదివినాను. గీత దాకా నీళ్లు పోయండి, ఆ నీళ్లన్నీ మిషనులోంచి వేడిగా పట్టి బయట పారబోయండి, తాగొద్దండి అని రాసినారు. నేను పకపకా నవ్వినాను. రెండు లీటర్ల నీళ్లు పారబోయాలంట! మా వీధిలో కొళాయి నాలుగు దినాలకొకసారి వస్తుంది. బియ్యం కడిగిన నీళ్లు చెట్టుకు, చెట్టుకు ఎక్కువైతే ఆవుకు. నీళ్లు పారబోసిన పిల్లను మా అమ్మ వీపు చీరేస్తా ఉండె. ఆ పుస్తకం రాసినోనికి మా ఊరు ఏం తెలుసు?

పట్టినాను. గుర్‌ర్‌ర్ అని మోగింది మిషను, ఎండిన బోరు గాలి లాగినట్ల. వచ్చిన నీళ్లన్నీ పెద్ద చెంబులో పట్టి, సామాన్లు తోమేదానికి పనికొస్తాయని గట్టు మీద చల్లారబెట్టినాను. మల్లా గీత దాకా నీళ్లు పోసి పెట్టి, మిద్దె మీద గుడ్డలు తెచ్చేదానికి పోయినాను.

నేను దిగేటప్పటికి మా ఆయన ఎండనబడి వచ్చి, ఆ చెంబు ఎత్తి గటగటా తాగుతాండాడు.

"యోవ్! అది తాగేది కాదు!"

చెంబు దించి మూతి తుడుచుకున్నాడు. ఒక్క చుక్క మిగల్లేదు. "ఎంత తియ్యగా ఉండాయే పద్మా! యాడివి ఈ నీళ్లు?"

మా ఊర్లో ఏ బోరు నీళ్లయినా ఉప్పన. తియ్యనివి క్యాన్లలో కొనుక్కోవాల. ఏదో మిషను కడిగిన నీళ్లు, ఒక్కసారికి ఏమవుతుందిలే అనుకున్నాను. ఆ "లే" అనుకున్న నోటిని ఇప్పుడు చెప్పుతో కొట్టుకోవాలనిపిస్తాంది.

సాయంత్రం ఆరు కాఫీలు చేసినాము. మాకు రెండు, పక్కింటి లక్ష్మక్కకు రెండు, మల్లా మాకు రెండు. కాఫీ బాగుండాది, అబద్ధం చెప్పకూడదు. దాంట్లో ఇంకొక వాసన కూడా ఉండాది. ఎండిన నేల మీద మొదటి వాన పడితే లేస్తుంది చూడండి, ఆ వాసన. మా దిక్కు వాన పడి ఏడు నెలలు.

కప్పులు కడుగుతా ట్యాంకు దిక్కు చూసినాను. నీళ్లు గీత కాడనే ఉండాయి.

"ఏమయ్యా, మల్లా నీళ్లు పోసినావా?"

"లేదే."

మా ఆయన వంగి చూసినాడు. ఇంకో రెండు కప్పులు పట్టినాడు. గీత కాడనే. ఇంకో రెండు. గీత కాడనే. నా భుజం మీద చరిచినాడు.

"నీళ్లు తాగని మిషనే! మన ఊరికోసరమే చేసినట్టుండాది. కొంటాండాం పద్మా, ఇంకేమీ ఆలోచన లేదు."

నాకూ సంతోషమే. నీళ్లు తగ్గని పాత్ర ఇంట్లో ఉంటే చేదా? ట్యాంకులోని నీళ్లు బిందెలోకి వంపుకోవచ్చు కదా అని కూడా నా బుద్ధికి తోచింది. ఆ సంతోషంలో, మా ఆయన అన్నం ముందర కూర్చొని ఏడెనిమిది గ్లాసుల నీళ్లు తాగింది నేను లెక్కపెట్టలేదు.

శనివారం బెంగళూరోళ్లు వచ్చినారు. మిషను చూసి మురిసిపోయినారు. పన్నెండు కాఫీలు పోయినాయి. చీరలు కూడా బాగానే పోయినాయి. కానీ చీర చూపించాల్సిన మా ఆయన నోరు పెగల్లేదు. రెండు మాటలు మాట్లాడేది, లోపలికి పరిగెత్తేది, క్యాను ఎత్తి తాగేది. పెదాలు పగిలి రక్తం కారతాంది. ఇరవై లీటర్ల క్యాను మధ్యాన్నానికి ఖాళీ.

"దప్పిక తీరలేదే. నీళ్లు గొంతు దిగుతాండాయి, లోపలికి పోయినట్ల లేదు."

ఆర్ఎంపీ సోమప్ప వచ్చి వడదెబ్బ అన్నాడు. రెండు సీసాలు సెలైను ఎక్కించినాడు. సూది తీసినాక మా ఆయన చేయి పట్టుకొని చూసినాను. చర్మం పైకి లాగితే లాగినట్లే నిలబడింది.

ఎండ ఇంకా తగ్గలేదు. వీధిలో కుక్క కూడా తిరగడం లేదు. ఆయన మంచం మీద కండ్లు మూసుకోనుండాడు. నేను వాకిట్లో గోడకు ఆనుకొని కూర్చున్నాను. కరెంటు పోయింది, ఫ్యాను ఆగింది. అప్పుడు వినిపించింది... వంటింట్లోంచి.

గుర్‌ర్‌ర్...

కరెంటు లేదు కదా అనుకున్నాను. లేచి పోయినాను. మిషను ప్లగ్గు పొద్దున నేను పీకింది పీకినట్లే నేల మీద ఉండాది. మిషను ముందర కప్పు ఉండాది. దాంట్లోకి సన్నగా... చుక్క... చుక్క...

వాన వాసన.

మిషను లోపలినుంచి ఒక మగ గొంతు. మా ఆయనది కాదు. ఎండిపోయిన గొంతు.

"నందినీ... ఇంకొంచెం నీళ్లు..."

చుక్క ఆగింది. కప్పు నిండింది. మంచం మీద మా ఆయన దగ్గినాడు, ఇసుక జల్లించినట్ల.

ఇప్పుడు నవ్వొస్తుందేమో మీకు. ఆ భయంలో కూడా నాకు మొదట వచ్చింది మొగుని మీద అనుమానం. పోయి భుజం పట్టి కదిలించినాను.

"నందిని ఎవరు?"

"ఏ నందిని?" అన్నాడు గుసగుసగా. ఆయన కండ్లలో అబద్ధం లేదు. తడి కూడా లేదు.

ఆదివారం పొద్దున నేను లేచేటప్పటికి మా ఆయన వంటింట్లో ఉండాడు. మిషనుతో కాఫీ పట్టుకుంటాండాడు. అదొక్కటే తియ్యగా ఉండాదంట. నేను వాకిలి కాడ నిలబడి చూసినాను. మిషను మోగింది. కప్పు నిండతాంది... ఆయన బుగ్గలు లోపలికి పోతాండాయి. కప్పు సగం... మెడ నరాలు తేలినాయి. కప్పు నిండా... మోకాళ్ల మీద కూలబడినాడు.

ట్యాంకులో నీళ్లు గీత కాడనే ఉండాయి.

నాకు అప్పుడు తెలిసింది, ఆ నీళ్లు యాడనుంచి వస్తాండాయో.

ప్లగ్గు పీకినాను. ట్యాంకు ఊడదీసి పెరట్లో మట్టిలో వంపినాను. నీళ్లన్నీ పోయినాయి. కానీ కింద మట్టి తడవలేదు. బీటలు బీటలుగానే, పొడిగానే ఉండాది. మిషను తెచ్చి అట్టపెట్టెలో పెట్టబోతే మా ఆయన పాక్కుంటా వచ్చి నా కాలు పట్టుకున్నాడు.

"వద్దే... నీళ్లు తగ్గని మిషను మల్లా దొరకదు..."

"నువ్వు మల్లా దొరుకుతావా?" అని అరిచినాను. గట్టిగా ఏడ్చినాను. ఆయన ఏడవబోయినాడు, రాలేదు.

పెట్టె అడుగున తెల్లని అట్ట కింద ఒక కాగితం మడిచి ఉండాది. పెన్నుతో రాసినది.

"మొదటి నీళ్లు పారబోయండి. ఒక్క చుక్క కూడా ఎవరూ తాగొద్దండి. మేము నీళ్లు దండగని ఉంచుకున్నాము. మా ఆయన తాగినాడు. ఆ దినం నుంచి ట్యాంకులో నీళ్లు తగ్గలేదు, ఆయనే తగ్గిపోయినాడు. ఆయన పోయినాక గొంతు మాత్రం దాంట్లో ఉండిపోయింది. ఇంట్లో పెట్టుకొని వినలేక ఇచ్చేస్తాండాను. నందిని."

ఆమె మీద జాలి కంటే ముందు కోపం వచ్చింది. ఇంత రాసినదానివి పైన పెట్టకూడదా తల్లీ? అడుగున దాచిపెడితివే! నేను ఆ కాగితాన్ని పెట్టె మీద టేపు వేసి అతికించినాను. మిషను పగలగొట్టాలనే రోకలి ఎత్తినాను కూడా. కానీ దాంట్లో మా ఆయనది ఎంత ఉండాదో తెలియదు కదా. దాన్ని పగలగొడితే ఈయన ఏమవుతాడో... చేయి రాలేదు.

ఆయన్ను లక్ష్మక్కకు అప్పగించి ఆటో మాట్లాడుకొని అనంతపురం పోయినాను. సేల్ ఇంకా మూయలేదు. తిప్పేష్ కాగితం చదివి నవ్వినాడు.

"వదినా, వద్దనుకుంటే వద్దనొచ్చు కదా. ఇంత కథ ఎందుకు?"

"నీ కాళ్లు మొక్కుతా అన్నా. దాన్ని అమ్మొద్దు. స్విచ్చి వెయ్యొద్దు. మూల పడెయ్యి. నీ స్నేహితుని పానం అది."

నా మొగం చూసి నవ్వు ఆపినాడు. "సరే వదినా, సరే. మీరు పోండి."

ఇంటికి వచ్చేటప్పటికి పొద్దు గుంకింది. మా ఆయన దిండుకు ఆనుకొని కూర్చోనుండాడు. చేతిలో గ్లాసు. సగం తాగి, సగం మిగిల్చినాడు! ఆ మిగిలిన సగం చూసి నాకు పానం లేచొచ్చింది.

"దప్పిక తీరింది పద్మా," అన్నాడు. గొంతు బొంగురుగా ఉండాది, కానీ ఆయనదే. నేను ఆయన తల పొట్టకు హత్తుకొని ఏడ్చినాను. ఈసారి ఆయన కండ్లలో కూడా నీళ్లు వచ్చినాయి.

సోమవారం పొద్దున పది గంటలప్పుడు ఎండ వాకిట్లోకి వచ్చింది. ఆయన చాప మీద కూర్చొని చీరలు మడత పెడతాండాడు. మల్లా మల్లా పెదాలు తడుపుకుంటాండాడు, ఎండకేమోలే అనుకున్నాను. నేను పాత డికాక్షను గిన్నె తోముతాండాను. నా స్టీలు గ్లాసు, నా కాఫీ. ఇంక ఎవరూ నాకు స్టయిలు మాట చెప్పకూడదనుకుంటాండా. ఫోను మోగింది. తిప్పేష్.

"వదినా, కోప్పడొద్దు. నిన్న సేల్ మూసేటప్పుడు చిలమత్తూరోళ్లు వచ్చినారు. చూస్తానే పట్టుకున్నారు, ఇంక వదల్లేదు. ఈ పొద్దు వాళ్లింట్లో గృహప్రవేశం. మిషను ఎట్ల వాడాలో చూపిద్దామని నేనే వచ్చినా."

"ఆ కాగితం?"

"అది చించేసినాలే వదినా, శుభమా అని కొత్తిల్లు చేరుతాంటే. కానీ మొదటి నీళ్లు మట్టిలోనే పోయించినా, మీ మాట తీసేయలేదు. అబ్బా, ఏం మిషను వదినా! ముప్పై కాఫీలు చేసినాము. నీళ్లు గీత కాడనుంచి వెంట్రుకంత తగ్గలేదు. బయట ఐదు వందల మంది కూర్చోనుండారు..."

చాప మీద చీర జారింది. తల తిప్పి చూసినాను. మా ఆయన నోరు తెరిచి నా దిక్కే చూస్తాండాడు. పెదాలు కదులుతాండాయి. శబ్దం లేదు.

ఫోనులో గుర్‌ర్‌ర్ అని మోగింది. ఆ మోత వెనకాల... సన్నగా... మెత్తగా... మూడు చీరలు అంటగట్టే ఆ గొంతు.

"పద్మా... ఇంకొంచెం నీళ్లు..."

"ఆపన్నా!" అని అరిచినాను. "ప్లగ్గు పీకు! ఇప్పుడే పీకు!"

ఏదో కింద పడిన చప్పుడు. చాప మీద మా ఆయన బుగ్గలు లోపలికి... ఇంకా లోపలికి...

"పీకేసినా వదినా," అన్నాడు తిప్పేష్. "పీకి చేతిలో పట్టుకోనుండా... అయినా కప్పు నిండుతానే ఉండాది."