రేకుల టాకీసులో కుళ్ళాయమ్మ

పెనుకొండలో కొండకింద మూతబడిన రేకుల టాకీసు ఉండాది సూడు, పొద్దు గూకితే ఆ పక్క ఎవరూ పోరు. లోపల ఒక ఆడమనిషి నిలబడుకోని నోరాడిస్తా ఉంటాదంట... సద్దు మాత్రం రాదంట.

ఆయమ్మ ఎవరో మా ఊర్లో అందరికీ తెలుసు. కుళ్ళాయమ్మ. మూకీల కాలంలో మద్రాసుకు పోయి హీరోయిన్ వేషాలు ఏసింది. మాటల సినిమాలు వచ్చినాక, "నీ యాస పనికిరాదు, పో" అన్న్యారు. అంతే, బతుకు బుగ్గి అయిపాయ. తిరిగొచ్చి ఈ టాకీసులోనే కసువు ఊడ్చుకుంటా సచ్చిపోయింది. "నా గొంతు ఒక్కసారన్నా ఇన్నారా మీరు?" అని కనపడినోళ్ళనల్లా అడిగేది.

తొంభై ఆరులో జరిగింది ఇది. ఓబులేసు ఆటోకు మైకు కట్టుకోని ఊరూరా ప్రచారం చేసేటోడు. గొంతే వాని కూడు. వాళ్ళ నాయనదీ అదే బతుకు— మూకీ ఆడేటప్పుడు తెర పక్కన నిలబడి, బొమ్మ నోరాడిస్తే మాటలు ఈయన చెప్పేది. కుళ్ళాయమ్మ బొమ్మకూ ఆయనే చెప్పినాడు, తనకు తోచిందల్లా.

ఆ పొద్దు చీకటి పడేటప్పుడు చెన్నేకొత్తపల్లి నుంచి వస్తాంటే, సరిగ్గా టాకీసు ముందర ఆటో నిలిచిపాయ. ఊర్లో కరెంటు లేదు. తలుపు సందులో... మొగానికి తెల్లగా పౌడరు పూసుకోని... ఆయమ్మ. నోరాడిస్తాండాది.

వీడు పారిపోయింటే సరిపోయేది. అలవాటు ఊరుకుంటాదా? నాయన చెప్పిన మాదిరే గొంతు సన్నం చేసి అందుకున్న్యాడు— "ప్రాణనాథా... నన్ను విడిచి వెళ్ళెదరా..."

ఆయమ్మ నోరు ఆగిపాయ.

మెల్లగా బయటికొచ్చి వాని నోటిమీద చెయ్యి పెట్టింది. సల్లగా ఉండాదంట ఆ చెయ్యి. "వద్దమ్మా" అనబోయినాడు... సద్దు రాలేదు.

ఇంటికి ఎట్ల చేరినాడో వానికే తెలీదు. తెల్లారి నోరు తెరుస్తాడు, ఒక్క మాట పలకదు. డాక్టరు గొంతులో ఏమీ లేదన్న్యాడు. వాడు కోపం పట్టలేక మైకు నేలకేసి కొట్టినాడు. పెండ్లాం నీలావతి ఇంక తాళలేక, పొద్దు గూకినాక వాని చెయ్యి పట్టుకోని టాకీసు కాడికి ఈడ్చుకోనిపోయింది.

"అమ్మా, మా ఆయప్ప గొంతు ఇచ్చేయమ్మా. దాంతోనే మేము బతకల్ల" అనిందంట.

లోపలంతా చీకటి. ఆ చీకట్లో, తెర పక్కనుంచి, ఓబులేసు గొంతుతోనే, అచ్చం మా యాసలో—

"ఏమ్మా... ఇనపడతాండాదా నా గొంతు?"