212వ నంబర్ కొలతల పుస్తకం

1979 మార్చి. సోమవారం ఉదయం 10:10.

చార్మినార్ వెనక సందులో, మోరీల పనులు, అంటే మురుగు కాలవల పనులు చూసే సర్కారు ఆఫీసు. రికార్డు బీరువా తెరిచి ఉంది. తాళం నేల మీద పడి ఉంది. 212వ నంబర్ కొలతల పుస్తకం లేదు.

కాంట్రాక్టర్ ఎంత పని చేశాడో కొలిచి రాసి, ఇంజనీరూ అతనూ సంతకాలు పెట్టే పుస్తకమది. మర్నాడు సివిల్ కోర్టులో చూపించాల్సింది సరిగ్గా దాన్నే.

ఇన్‌స్పెక్టర్ వైకుంఠం 10:40కి వచ్చాడు.

"ఎవరి మీద అనుమానం?"

"ఇంకెవరి మీద సార్?" రికార్డు క్లర్క్ వెంకటనారాయణ బెంచీ వైపు చూపించాడు. "శనివారం ఈ కాంట్రాక్టర్ ఇక్కడిక్కడనే తిరిగిండు. పని సగమే చేసిండు. పుస్తకం కోర్టుకు పోతే దొరికిపోతడు."

బెంచీ మీద మొగులయ్య కూర్చున్నాడు. అయిదేళ్ల కింద మోరీ కట్టి, బిల్లు కోసం చెప్పులరిగేలా తిరిగి, చివరికి దావా వేసినవాడు. ఇప్పుడు దొంగ కూడా అతనే.

"శనివారం ఎన్నింటికి పోయినవ్?"

"అయిదింటికి సార్. చౌకీదార్ తాహిర్ భాయ్ చూసిండు."

"మళ్లీ వచ్చినవా?"

"ఎందుకొస్త సార్? నేను పని చేసిన్నని చెప్పేది గా పుస్తకమొక్కటే. రేపు తీర్పొస్తే అప్పిచ్చిన సేఠ్ ఆగుతనన్నడు. లేకుంటే గురువారం కార్వాన్‌ల నా ఇల్లు వేలం."

వైకుంఠం తాహిర్‌ను పిలిచాడు.

"నిన్న ఎవరొచ్చారు?"

"కోయీ నహీ సాబ్. రాత్రీ పగలూ నేనే ఉన్న."

"బీరువా ఎప్పుడు మూశారు?"

"శనివారం సాడే పాంచ్ బజే. క్లర్క్ సాబ్ తాళానికి గుడ్డ చుట్టి లక్క సీలు కొట్టిండు. రోజూ గంతే. నేను రిజిస్టర్‌ల దస్తఖత్ చేసిన."

"ఇవాళ ముందెవరొచ్చారు?"

"క్లర్క్ సాబే."

వైకుంఠం తాళాన్ని కిటికీ దగ్గరికి తీసుకెళ్లాడు. గుండుసూదితో గీరి చూశాడు.

12:15కి అందరినీ ఒక గదిలోకి పిలిచాడు. ఎగ్జిక్యూటివ్ ఇంజనీర్ అమరనాథ్‌నూ వదల్లేదు.

"తాళం కొక్కేన్ని రంపంతో కోశారు. ఈ కోత లోపల లక్క ఉంది, చూడండి. సీలు వేశాక కోస్తే లక్క పగిలి రాలుతుంది. కరిగిన లక్క కోతలోకి కారి గట్టిపడిందంటే, ముందు కోశారు, తర్వాత సీలు వేశారు. సీలు వేసింది అయిదున్నరకు. తాళం చేత్తో పట్టుకుని గుడ్డ చుట్టినవాళ్లకు ఈ కోత కనపడకుండా ఉండదు." వైకుంఠం క్లర్క్ వైపు తిరిగాడు. "కోసిన తాళానికి సీలెందుకు వేశారు వెంకటనారాయణ గారూ?"

వెంకటనారాయణ జేబులోంచి సీలు ముద్ర తీసి బల్ల మీద పెట్టాడు.

"వెయ్యకుంటే తాహిర్ అడుగుతడు గద సార్. ఇరవై రెండేండ్లల్ల ఒక్కరోజు తప్పలె. చప్పుడైతదని భోజనాలప్పుడే కోసిన. పుస్తకం సంచీల పెట్టుకున్న. ఇయ్యాల సీలు తెంపుడే మిగిలింది."

"ఎవరు చెయ్యమన్నారు?"

అతను అమరనాథ్ వైపు చూశాడు. ఆ మోరీ డబ్బు మూడేళ్ల కిందే వేరే పేరు మీద డ్రా అయిపోయింది; పుస్తకం కోర్టుకు పోతే అది బయటపడేది. అమరనాథ్ ఎవరికో ఫోన్ చేయడానికి లేచాడు.

రెండు గంటలకు పుస్తకం వెంకటనారాయణ ఇంట్లో, బియ్యం డబ్బాలో దొరికింది. సర్కారీ పుస్తకమని కాల్చడానికి చెయ్యి రాలేదట.

స్టేషన్‌లో మొగులయ్య దాన్ని రెండు చేతులతో తడిమాడు.

"ఇగ రేపు కోర్టుల పెడదాం సార్."

వైకుంఠం కేసు ఫైలు తెరిచాడు.

"అది కుదరదు మొగులయ్యా. ఇది ఇప్పుడు దొంగతనం కేసులో సాక్ష్యం. క్రిమినల్ కోర్టుకు పోవాలి. ఆ కేసు తేలేదాకా బయటికి రాదు."

"నకలు?"

"అడిగిన. సంతకాలు అసలువో కావో నకల్లో ఎట్ల తెలుస్తదని గవర్నమెంట్ ప్లీడర్ అంటున్నడు. వాయిదా అడుగుతడట."

"ఎన్ని దినాలు?"

"రెండేండ్లు. మూడైనా కావచ్చు."

మొగులయ్య పుస్తకాన్ని బల్ల మీద పెట్టాడు.

"దొంగను దొరకపట్టకపోతే మంచిగుండు సార్. పుస్తకం లేదంటే కోర్టోళ్లు మోరీనే తవ్వి కొలిచేటోళ్లేమో."

బుధవారం వెంకటనారాయణకు బెయిల్ వచ్చింది. గురువారం పదకొండింటికి మొగులయ్య ఇల్లు పోయింది. కేసు ఛేదించినందుకు వైకుంఠానికి యాభై రూపాయల రివార్డు ఇచ్చారు. వద్దనే ధైర్యం లేక తీసుకున్నాడు. అందుకు తన మీద తనకే అసహ్యం వేసింది.