ముందే వినబడిన చావు కబురు

పాతపట్నం దాటి ఒడిశా వైపు వెళ్ళే దారిలో ఉన్న ఆ ఊళ్ళో, చర్చివాళ్ళలో ఎవరు పోయినా ఆ కబురు చెప్పేది ఎలీషాయే. గోపురానికి హార్ను కట్టి ఉంటుంది. మైకు ముందు నిలబడి పోయినవారి పేరూ, సమాధి వేళా మూడుసార్లు చెబుతాడు. కాగితం చూసి చదవడమంటే మనవాడికి నామోషీ. ఆ నామోషీయే కొంప ముంచింది. రెండేళ్ళ కిందట సొంత బావ పోతే, కాగితంలో ఒంటిగంట అని రాసి ఉండగా నోటికొచ్చినట్టు పదకొండు అనేశాడు. జనం పదకొండుకే వచ్చేశారు, పాస్టరుగారు కానిచ్చేశారు. ఏడ్చే ఇంట్లో గడియారం ఎవరు చూస్తారు? కూతురు బేబీ సాలూరు నుంచి వచ్చి బస్సు దిగేసరికి తండ్రి ముఖం లేదు, పచ్చిమట్టి ఉంది. అప్పటినుంచి బావ భార్య, అంటే ఎలీషా అప్ప సత్యవతి, తమ్ముడితో మాట మానేసింది.

ఆ శనివారం సాయంత్రం ఎలీషా మర్నాటి ఆరాధనకి చర్చి తుడుస్తున్నాడు. బయట ముసురు. లోపల తడిసిన చాపల వాసన. మధ్యాహ్నం నుంచీ కరెంటు లేదు.

పైన హార్ను గరగరమంది.

"సంఘస్తులకు మనవి. మన సంఘ సభ్యురాలు సత్యవతిగారు ఈ సాయంత్రం ఆరు గంటలకు ప్రభువునందు నిద్రించారు..."

ఆ గొంతు ఎవరిదనుకున్నారు? ఎలీషాదే!

మైకు దగ్గర ఎవరూ లేరు. గోడ గడియారం అయిదున్నర దాటింది. అంటే ఇంకా అరగంట కూడా లేదు...

పరిగెత్తాడు. దారిలో ఎవరూ ఆ కబురు విన్నట్టే లేరు. అప్ప అరుగు మీద కూర్చుని గోంగూర ఒలుస్తోంది. గుండ్రాయిలా ఉంది. ఆటో పిలవాలనిగానీ, ఆస్పత్రికి తీసుకెళ్ళాలనిగానీ ఆ క్షణాన ఎలీషాకి తట్టలేదు. క్షమించకుండానే పోతుందేమోనన్న భయమొక్కటే. కాళ్ళ మీద పడ్డాడు.

"అప్పా, ఆరు గంటలకి నువ్వు పోతావంట. ఇప్పుడే హార్నులో ఇన్నాను. నా మీద కోపమెట్టుకుని పోకే..."

"ఏటి కూస్తన్నావురా?" అంటూనే ఆవిడ గుండె పట్టుకుంది. చేట ఒరిగిపోయింది. నర్సమ్మ వచ్చి చెయ్యి పట్టుకు చూస్తే నాడి లేదు. సరిగ్గా ఆరు. క్షమించానన్న మాట మాత్రం అనలేదు.

సంఘపెద్ద థామస్, బడిలో సైన్సు మాస్టారు, కబురు కాగితం రాసి తెచ్చాడు. ఎలీషా అతన్ని పెరట్లోకి లాక్కెళ్ళి అంతా చెప్పేశాడు.

"నానే సంపీసేను మాస్టారూ. ఆ మాట ఇనకపోతే అప్ప బతికుండేది."

థామస్ తల గోక్కున్నాడు. "నువ్వు సెప్పబట్టి ఆవిడ పోయింది. ఆవిడ పోబట్టి నువ్విప్పుడు సెప్పాలి. మరి మావా, ముందు పుట్టిందేటి, సావా, కబురా? మైకులో నువ్వు ఏరే మాట సెప్తే ఇందాకటి ఎలీషా ఏరే మాటే ఇంటాడు. ఆవిడ బతుకుతాది. అప్పుడు సెప్పిన నువ్వేమైపోతావో... దానికి సైన్సులో జవాబు నేదు."

దుఃఖంలో మతి చలించిందనుకుని, పాపం, భుజం తట్టి చర్చికి పంపాడు.

కరెంటు ఇంకా రాలేదు. ఇందాకా అది లేకుండానే హార్ను మోగింది కదా అని, చీకట్లో ఎలీషా మైకు పట్టుకున్నాడు. కాగితం జేబులోంచి తియ్యలేదు.

"ఒరే ఎలీషా..." మైకుకి ఇంకా దగ్గరగా వంగాడు. "అప్పకి ఏటీ సెప్పకు. ఊరికినే ఎల్లి కాళ్ళట్టుకో. అంతే."

మూడుసార్లు చెప్పాడు. పైన హార్ను గరగరమంది... ఆగింది.

బయటికొచ్చాడు. ఊళ్ళో ఏడుపుల్లేవు. ఎవరింట్లోనో పకోడీలు వేగుతున్న వాసన. అప్ప ఇంటికి ఉరికాడు.

అరుగు మీద లాంతరు. దాని పక్కన సత్యవతి. బతికే ఉంది! ఏసయ్యా, బతికే ఉంది! ఎలీషాకి ఏడుపు తన్నుకొచ్చింది.

ఆవిడ ఇంట్లోకి చూస్తూ ఎవరితోనో మాట్లాడుతోంది.

"పోన్లేరా. సమించీసేను. ఏడుపాపి అన్నం తిను."

లోపల పళ్ళెం ముందు ఒకడు కూర్చున్నాడు. తన ఒంటి మీదున్న అదే చొక్కా. అదే బట్టతల. రెండేళ్ళకి అప్ప చేతి ముద్ద తింటూ వెక్కుతున్నాడు.

బయటి ఎలీషా అరుగు కిందే ఆగిపోయాడు. అప్పని చంపిన నోరు ఇక్కడుంది. క్షమాపణ అక్కడికి పోయింది.

"అప్పా..." అన్నాడు.

ఆవిడ ఉలిక్కిపడి కళ్ళు చికిలించింది. సరిగ్గా అతని ముఖంలోకే చూసింది.

"ఎవులదీ?"

లోపలి ఎలీషా ఎంగిలి చేత్తోనే లేచి గుమ్మంలోకి వచ్చాడు. బయటివాడి కళ్ళలోకి సూటిగా చూశాడు. చూశాడు... అందులో సందేహం లేదు.

"ఎవులూ నేరప్పా," అన్నాడు మెల్లగా. "గాలి."

అప్పని భుజం పట్టి లోపలికి తీసుకెళ్ళి, గడియ పెట్టుకున్నాడు.