నాలుగు గంటల ఆట

రంగూన్‌లో జనవరి అంటే ఒళ్ళు తడవని నెల. వానలు ఆగి చాలా రోజులవుతుంది. డల్హౌసీ వీధిలో ట్రాము వెళ్ళినప్పుడల్లా ఎర్రదుమ్ము లేచి కొట్ల మెట్ల మీద పడుతుంది. 1927లో అలాంటి జనవరిలోనే అమెరికా నాటకాల కంపెనీ ఒకటి కలకత్తా ఓడలో వచ్చి దిగింది. రెండు వారాలు ఇక్కడ ఆడి, తర్వాత పినాంగు వెళ్తుందని గోడల మీద కాగితాలు అంటించారు.

నా పేరు వీరలక్ష్మి. మాది భీమిలి. రేవులో బస్తాలు మీదపడి మా ఆయన పోయాక, తామ్వే పేటలో మా ఆయన అన్న ధర్మరాజు బావ ఇంట్లో ఉంటూ, నాటకాల హాలులో వేషాల బట్టలు కుట్టేదాన్ని. చిన్నప్పుడు విశాఖపట్నంలో ఒక పాదిరీ ఇంట ఆయాగా ఉన్నందువల్ల నాకు ఇంగ్లీషు మాట్లాడటం వచ్చు. అందుకే కంపెనీ మేనేజరు ప్రాట్ నన్ను పిలిపించి, పెద్ద నటి కోరా విన్‌గేట్‌కు బట్టలు తొడిగే పని అప్పగించాడు.

ఆమెను బయస్కోపులో నేను ముందే చూశాను. వంతెన మీద నుంచి వరద ఏట్లోకి దూకే పెళ్ళికూతురు ఆమే. తెల్లబట్ట నీళ్ళ మీద విచ్చుకుని, మెల్లగా మునిగిపోతుంది. హాలంతా ఏడ్చింది, నేనూ ఏడ్చాను. అంత గొప్ప మనిషిని చేత్తో ముట్టుకోబోతున్నానని సంబరపడ్డాను.

ప్రాట్ ఒక షరతు పెట్టాడు. రోజూ మధ్యాహ్నం నాలుగుకు ముందే ఆమె గది తలుపు వేసెయ్యాలి. నాలుగున్నర దాకా తియ్యకూడదు. లోపల నేనొక్కదాన్నే ఉండాలి. చూసింది ఎవరికీ చెప్పకూడదు. కలకత్తాలో పెట్టుకున్న మనిషి నాలుగు రోజులకే మానేసిందట.

మొదటి రోజు తలుపు వేయగానే ఆమె బట్టలన్నీ విప్పి, ఒక్క పల్చని గౌనుతో రేకు తొట్టిలో కూర్చుంది. నలభై ఏళ్ళు దాటిన మనిషి. మొహానికి రంగు లేకపోతే గుర్తుపట్టలేం. తొట్టిలో చుక్క నీళ్ళు లేవు. స్నానానికి నీళ్ళు తెమ్మంటారా అని అడిగాను. అక్కర్లేదంది.

గోడ మీది గడియారం నాలుగు కొట్టింది.

ముందు వాసన వచ్చింది. చెరువు ఎండినప్పుడు అడుగున మిగిలే బురద వాసన. తర్వాత ఆమె జుట్టు మొదళ్ళ నుంచి నీళ్ళు కారడం మొదలైంది. చెమట కాదు. చల్లటి, గోధుమరంగు నీళ్ళు. చెవుల్లోంచి సన్నటి ఇసుక రాలింది. ముక్కులోంచి కుళ్ళిన ఆకు ఒకటి మెల్లగా బయటికి వచ్చింది. ఆమె నోరు తెరిచింది. నాలుక మీదుగా నాచు, దాని వెనక జిగురు జిగురుగా చిన్న నత్త...

నేను మూలకు పరుగెత్తి, పొద్దున తిన్నదంతా కక్కేశాను.

ఆమె మాత్రం విసుగ్గా, పైన పురుగు వాలినట్టు, తుడవమని చెయ్యి ఊపింది. తుడిచాను. వేళ్ళ సందుల్లో జిగురు పట్టుకుంది. నాలుగున్నరకు కుళాయి కట్టేసినట్టు అంతా ఆగిపోయింది. బకెట్టెడు బురద పెరటి కాలవలో పోశాను. రోజూ అక్కడే పడుకునే కుక్కలు లేచి వీధి అవతలికి వెళ్ళిపోయాయి. ఆ పూట ఇంటికొచ్చి బొగ్గుతో, బూడిదతో ఎన్నిసార్లు చేతులు తోముకున్నా అన్నం ముద్ద నోటి దగ్గరికి పోలేదు.

అయినా మానలేదు. ఏదో జబ్బు అనుకున్నాను. పాపం అనుకున్నాను.

తొట్టిలో కూర్చున్న అరగంటా ఆమె తన కథ చెప్పేది. మిల్లులున్న చిన్న ఊళ్ళో పుట్టిందట. ఎనిమిదో ఏట ఊరూరా తిరిగే మేళంలో బల్ల మీద నిలబెట్టి పాడించారట. పందొమ్మిదికి న్యూయార్కులో నాటకాలు, ఇరవయ్యారుకి బయస్కోపు. నోట్లోంచి వచ్చే నాచు మధ్య మధ్య ఊస్తూ, తనకు పూలు పంపినవాళ్ళ పేర్లు, తన మీద పత్రికలు రాసిన మాటలు వరసగా అప్పజెప్పేది. నేను తుడుస్తూ వినేదాన్ని.

రెండో వారంలో నెల్ సంగతి చెప్పింది.

నెల్ అనే పిల్ల ఆమె ఎత్తే ఉండేదట. గుర్రం మీద నుంచి పడాలన్నా, మేడ మీద నుంచి దూకాలన్నా కోరా బట్టలు తొడుక్కుని నెల్ చేసేది. వంతెన దృశ్యం తీసే రోజు ఏరు బాగా పొంగింది. నాలుగింటికి ఎండ సరిగ్గా పడుతుందని కెమెరాలు పెట్టి ఉంచారు. నెల్ కోరా దగ్గరికి వచ్చింది. ఇవాళ వద్దు, రేపు దూకుతాను, మీరు చెబితే వింటారు, వాళ్ళతో చెప్పండి అని బతిమాలింది. కోరాకు ఆ సాయంత్రం ఎవరింట్లోనో విందు ఉంది. మళ్ళీ రేపు ఇంతదూరం ఎవరు వస్తారు అంది. నెల్ దూకింది. పైకి రాలేదు. కెమెరా మాత్రం తిరుగుతూనే ఉంది. ఆ ముక్కే బొమ్మలో ఉంచారు.

నా చేతిలో గుడ్డ ఆగిపోయింది. అంటే నేను చూసి ఏడ్చింది... నిజంగా చచ్చిపోతున్న మనిషిని.

"మరి మీరు ఎవరికీ చెప్పలేదా?" అని అడిగాను.

"చెప్పాను," అంది కోరా. "దూకింది నేనే అని చెప్పాను. అన్ని పత్రికల్లోనూ వేశారు. మర్నాడు నాలుగింటికి ఇది మొదలైంది."

ఆమె గొంతులో సిగ్గు లేదు, బాధా లేదు. ఆ పత్రికల మాట చెప్పేటప్పుడు పెదవుల మీద బురద మధ్య చిన్న నవ్వు కూడా వచ్చింది. అంతదాకా నాకు బురదంటేనే అసహ్యం. ఆ రోజు నుంచి ఆ నవ్వంటే అసహ్యం. ఈ కంపెనీ ఓడెక్కేదాకా ఓర్చుకుంటే చాలుననుకున్నాను.

ఆఖరి శనివారం ప్రాట్ నాలుగు గంటల ఆట ఒకటి పెట్టాడు. కోరా కాళ్ళావేళ్ళా పడింది. అతను వినలేదు, హాలు నిండిపోయిందన్నాడు. నీళ్ళు బయటికి ఊరకుండా గౌను లోపల మైనపు గుడ్డ వేసి కుట్టమంది. పొద్దుటి నుంచీ కూర్చుని కుట్టాను. మొదటి రంగంలో ఆమె కిటికీ వైపు తిరిగి, తల మీద ముసుగుతో, జనానికి వీపు చూపిస్తూ చాలాసేపు ఊరికే కూర్చోవాలి. మిగిలినవాళ్ళే మాట్లాడతారు.

నాలుగుకు పది నిమిషాలుందనగా ఆమె తలుపు గడియ వేసి, గౌను నా చేతిలో పెట్టింది. మెల్లగా అంది: "నువ్వు నా ఎత్తే ఉన్నావు."

నాకు అర్థమైంది. పోనని చెప్పాను. కూర్చోవడమే కదా, అరగంటే కదా అని నా చేతులు పట్టుకుంది. అమెరికా తీసుకెళ్తానంది. చివరికి నా కాళ్ళ దగ్గర మోకాళ్ళ మీద కూర్చుని ఏడ్చింది. బయట గంట కొడుతున్నారు. ఎవరో తలుపు బాదుతున్నారు. ఏం చేస్తున్నానో తెలియకుండానే గౌను ఎత్తి కుడిచెయ్యి దాని చేతి గొట్టంలోకి దూర్చాను.

లోపల ఇంకో చెయ్యి ఉంది.

సన్నటి వేళ్ళు. చల్లగా, నాని ఉబ్బిపోయి ఉన్నాయి. అవి నా వేళ్ళ మధ్యకు దూరి గట్టిగా పట్టుకున్నాయి. కోరా నా ఎదురుగానే ఉంది... ఆమె రెండు చేతులూ నాకు కనిపిస్తూనే ఉన్నాయి.

నా చెవి పక్కన, ఇంగ్లీషులో, ఊపిరంత సన్నగా ఒక మాట వినబడింది.

"ఇవాళ వద్దు... రేపు..."

గౌను చింపుకుని చెయ్యి బయటికి లాగాను. గడియ తీసి పరుగెత్తి తెర పక్కన, తాళ్ళ వెనక ముడుచుకుని కూర్చున్నాను. చేతికి చుట్టుకున్న చర్మం ముక్కలాంటిదేదో చీర చెంగుకు రాసుకుంటూనే ఉన్నాను. అది పోలేదు.

కోరా చిరిగిన గౌనుతోనే వెళ్ళి కిటికీ దగ్గర కూర్చుంది. తెర లేచింది. నాలుగైంది. ముసుగు తడిసి తలకు అంటుకుపోయింది. కుర్చీ కింద నీళ్ళు మడుగు కట్టాయి. ఆమె భుజాలు ఎగిరెగిరి పడుతున్నాయి. ఊపిరి కోసం కొట్టుకుంటోంది. అది నాకు తెలుసు. జనానికి ఏడుస్తున్నట్టు కనిపించింది. ముందు వరసలో ఎవరో చప్పట్లు మొదలుపెట్టారు. హాలంతా అందుకుంది. తర్వాత భుజాలు ఆగిపోయాయి. చప్పట్లు మాత్రం ఆగలేదు.

నేను కేక వెయ్యొచ్చు. వెయ్యలేదు.

వచ్చిన డాక్టరు ఆమె ఊపిరితిత్తుల నిండా నీళ్ళున్నాయన్నాడు. నీళ్ళు ఎక్కడివని ప్రాట్‌ను అడిగాడు. మర్నాడు పొద్దున్నే పెట్టెలో పెట్టి పూడ్చేశారు. నాకు జ్వరం తగిలి మూడు రోజులు చాప మీద నుంచి లేవలేదు. మా తోటికోడలు అచ్చమ్మక్క గంజి తాగిస్తూ పక్కనే ఉంది.

కంపెనీ మంగళవారం ఓడెక్కింది. ఆ సాయంత్రం రేవు నుంచి వచ్చిన ధర్మరాజు బావ గుమ్మంలోనే నిలబడిపోయాడు.

"నువ్విక్కడున్నావేటి?" అన్నాడు.

నేనెక్కడికి వెళ్తానని అక్క అడిగింది. మధ్యాహ్నం కంపెనీ వాళ్ళు బల్ల మీదుగా ఓడెక్కుతుంటే, అందరికంటే వెనక దొరసాని గౌను తొడుక్కుని నేను వెళ్తున్నానట. ముసుగు ఎత్తి అతన్ని చూశానట. పరువు పోయిందని కోపంతో పరుగెత్తి నా మణికట్టు పట్టుకుని లాగాడట. నేను నవ్వి, చెయ్యి జారిపించుకుని పైకి వెళ్ళిపోయానట.

"నీ మొగమే," అన్నాడు. "నాను సూసినాను."

అక్క నా నుదుటి మీద చెయ్యి వేసి, ఈ పిల్ల ఇల్లు కదిలితే ఒట్టు అంది. బావ కుడి అరచేతిని పంచెకు తుడుచుకుంటూ కూర్చున్నాడు.

ఇది జరిగి మూడేళ్ళయింది. బావ అరచెయ్యి ఇప్పటికీ చాకిరేవులో నానబెట్టినట్టు తెల్లగా, ముడతలుపడి ఉంటుంది. ఆ చేత్తో అన్నం కలపడం మానేశాడు. పడుకునేటప్పుడు దాన్ని ఒక గిన్నెలో పెట్టుకుంటాడు. తెల్లారేసరికి గిన్నె నిండుతుంది. అక్క లేచి, మొహం పక్కకు తిప్పుకుని, పెరట్లో పారబోస్తుంది.

నిన్న అక్కకు ఒంట్లో బాగోలేక నేను తీశాను. గిన్నె అడుగున ఇసుక, ఇసుకలో ఒక పొడవాటి నల్ల వెంట్రుక. వేలికి చుట్టి పైకి తీశాను. ఇంకా నేను తలకు రాసుకునే కొబ్బరినూనె వాసన వేస్తోంది.