మూడో పిలుపు

సకల జనుల సమ్మె రోజులవి. జగిత్యాల ఇవతల, కాలువ వంతెన కాడ నడిరోడ్డు మీదనే వంటావార్పు. కట్టెల పొగ, ఉడికే పప్పు వాసన, డప్పుల సప్పుడు. హమీద్ గంటె పట్టుకొని అన్నం కలుపుతున్నడు. ఏ బండి ఇడువాలె, ఏది ఆపాలె అన్నదంతా ఆయన మాట మీదనే.

కోరుట్ల నుంచి అచ్చిన ఆటోల కెళ్లి ఆయన చెల్లె గుల్షన్ బీ దిగింది. మొగడు పోయినంక, అమ్మగారింట్ల తలదాచుకోను ఒక్క అర్ర ఇప్పియ్యమని అన్న మీద కేసేసింది. ఇయ్యాల్నే వాయిదా.

"భాయ్, నువ్వొక్కమాట చెప్తే ఆటో ఇడుస్తరు. పోకపోతే కేసు కొట్టేస్తరట."

పొద్దుగాల్నే ఎవలో బాలింత జీపును ఇడిపించిన పెద్దమనిషి, తోడవుట్టిన దానికి మాత్రం ఈపు తిప్పిండు. అన్నం మాడుతున్నా కలుపుతనే ఉన్నడు. ఆమె జరసేపు చూసి, అడ్డతొవ్వన కాలువకట్ట పట్టింది. ఆనలకు కట్ట జారుతున్నదని హమీద్‌కు ఎరుకే. నోరు తెరువలే.

బండి మీద తనే ముందుగాల కోర్టుకు చేరిండు. వరండాల బంట్రోతు గొంతెత్తిండు.

"గుల్షన్ బీ... గుల్షన్ బీ..."

'అస్తున్నది సార్, జర ఆగుండ్రి.' గంతే అనాలె. మాట గొంతు దాక అచ్చింది. మింగిండు.

"గుల్షన్ బీ... హాజర్ హై?"

గైర్ హాజర్ అన్నరు. కేసు కొట్టేసిండ్రు.

మర్లి అచ్చేసరికి వంతెన కాడ డప్పులు బందయినయి. గుల్షన్‌ను కాలువల నుంచి తీసి, చెద్దరు కప్పిండ్రు. హమీద్ మొత్తుకుంట ఏడ్చిండు. అందరు ఓదారుస్తుంటే సిగ్గుతోని తల వంచిండు.

చెల్లె జనాజా కాడ, భుజం పట్ట మౌల్సాబ్ పిలిచిండు. "హమీద్ భాయ్?"

పలుకబోయిండు. ఎనుకనుంచి, చెవుల చెప్పినట్టు, చెల్లె గొంతు. "గైర్ హాజర్."

మౌల్సాబ్, ఎదురుంగున్న హమీద్ కనవడనట్టు, అటిటు చూసి ఇంకొకలను పిలిచిండు. జరసేపటి దాక హమీద్‌ను ఎవ్వరు పలుకరియ్యలే.

తెల్లారి హోటల్ల సత్తయ్య కేకేసిండు. "హమీద్ భాయ్, చాయ్!"

"గైర్ హాజర్."

ఎనుక మల్ల అదే గొంతు. సత్తయ్య ఆ చాయ్ పక్కోనికిచ్చిండు. "అరే, గిక్కడనే ఉన్న గదనే!" అని ఒర్రిండు హమీద్. ఒక్కడు తల తిప్పలే. ఈసారి పొద్దుగూకే దాక గట్లనే.

ఇంటికి ఉరికిండు. పెండ్లాం తబస్సుమ్ ఎన్నడు పేరు వెట్టి పిలువది. ఇంట్ల భయం లేదనుకున్నడు. చెప్పులిడిచి గోడకు ఒరిగిండు. సున్నం వాసన... దాంట్లనే పచ్చిబురద వాసన.

చెల్లె అడిగిన అమ్మ అర్ర లోపటి నుంచి... మెల్లగ...

"భాయ్... హాజర్ హై?"

ఉన్ననే చెల్లె, మాఫ్ చెయ్యి. గంతే అనాలె. మాట గొంతు దాక అచ్చింది. అక్కడనే ఆగింది. చెల్లెకు ఏ మొఖం పెట్టుకొని పలుకుతడు?

మూడో పిలుపు గూడ దాటిపోయింది.

తబస్సుమ్ బువ్వకు దస్తర్‌ఖాన్ గుడ్డ పరిచింది. తనకొక పళ్లెం, బిడ్డకొక పళ్లెం. హమీద్ ఎదురుంగ కూసున్నడు. ఆమె కండ్లు ఆయనను దాటి గోడను చూసినయి.

గడప కాడ నుంచి బిడ్డ మెహ్రీన్ పిలిచింది.

"అమ్మీ, గీ చెప్పులు ఎవలయి? నీళ్లు కారుతున్నయి."